ఉద్యమ వార్తలు రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

నువ్వు పంపిన ర్యాలీ వార్త చదివాను. లాఠీచార్జి కళ్లకు కట్టినట్టు రాశావు. కానీ అంతమంది ఏం అడగడానికి వచ్చారో చివర్లో ఒక్క ముక్కలో తేల్చేశావు. అలా రాసేవాళ్లు ఇప్పటికే చాలామంది ఉన్నారు.

1999 నవంబరులో అమెరికాలోని సియాటెల్‌లో ప్రపంచ వాణిజ్య సంస్థ సమావేశాల సమయంలో ఇండీమీడియా అనే స్వతంత్ర వార్తా వేదిక పుట్టింది ఈ లోటు తీర్చడానికే. వాణిజ్య నిబంధనలు కార్మిక హక్కుల్ని, పర్యావరణ చట్టాల్ని దెబ్బతీస్తాయని వేలమంది రోడ్డెక్కితే, టీవీల్లో మాత్రం పగిలిన అద్దాలే పదే పదే తిరిగాయి. కాబట్టి ముందు నిరసనకు కారణమైన ఒప్పందాలు, జీవోలు, తీర్పులు చదువు. విసుగు పుట్టినా చదువు. అవి తెలియకుండా వెళితే నీకు కనబడేది తోపులాటే.

ఇక వీడియోల సంగతి. 2001 జులైలో ఇటలీలోని జెనోవాలో జీ8 (ఎనిమిది పెద్ద దేశాల కూటమి) సమావేశాలప్పుడు, నిరసనకారులు తలదాచుకున్న డయాజ్ బడి మీద పోలీసులు రాత్రివేళ విరుచుకుపడ్డారు. 93 మందిని అరెస్టు చేశారు. నిద్రకు సిద్ధమవుతున్నవాళ్లు ఎముకలు విరిగి స్ట్రెచర్ల మీద బయటికొచ్చారు. లోపల రెండు పెట్రోలు బాంబులు దొరికాయని పోలీసులు చెప్పారు. అయితే ఆ సీసాలున్న నీలం సంచి బడి ఆవరణలో పోలీసు అధికారుల దగ్గరే ఉన్నట్టు ఓ స్థానిక చానెల్ వీడియోలో బయటపడింది. సీసాలు పోలీసులే తెచ్చిపెట్టారని విచారణలో తేలింది. 2012లో ఇటలీ అత్యున్నత న్యాయస్థానం అధికారుల శిక్షల్ని ఖాయం చేసింది. 2015లో యూరోపియన్ మానవ హక్కుల కోర్టు ఆ రాత్రి జరిగింది చిత్రహింసేనని చెప్పింది. పద్నాలుగేళ్లు పట్టింది, చూడు!

అందుకే తీసినదేదీ చెరిపెయ్యకు. కట్ చెయ్యని ఫైలు రెండు చోట్ల దాచు. షూట్ చేస్తూనే టైమూ, వీధి పేరూ పైకి చెప్పు. గొడవ సద్దుమణిగాక కూడా కాసేపు కెమెరా ఆపకు.

మనవాళ్లు రాయి విసిరితే ఆ సంగతీ వార్తలో రాసెయ్. దాచిపెడితే రేపు నువ్వు రాసిన నిజాన్నీ ఎవరూ నమ్మరు. "కాల్పులు జరిగాయట" అని ఎవరైనా అంటే, కళ్లారా చూసిందెవరో కనుక్కునేదాకా ఆగు.

అన్నిటికంటే నాకు టెన్షన్ పుట్టించేది ముఖాలు. నువ్వు అభిమానంతో పెట్టిన ఫొటోతోనే పోలీసులు ఒకరిని గుర్తుపట్టి కేసు పెట్టొచ్చు, యజమాని ఉద్యోగం పీకెయ్యొచ్చు. అనుమతి అడుగు. అడగడం కుదరకపోతే ముఖం కనబడకుండా చేశాకే పోస్టు చెయ్యి, వార్త గంట ఆలస్యమైనా సరే.

నీ
అన్నయ్య