గట్టి శబ్దం ముందు చేరే లోకం

ప్రశ్న: నా ఫాంటసీ నవలలో 'శబ్దం ఎంత గట్టిదైతే అంత వేగంగా వెళ్తుంది' అనే సూత్రం పెట్టాను. తప్పుపడతారేమోనని టెన్షన్‌గా ఉంది. (ఒక పాఠకురాలు)

జవాబు: ఉంచేయండమ్మా, నాకు చాలా నచ్చింది. మన గాలిలో 20 డిగ్రీల దగ్గర గుసగుసైనా కేకైనా సెకనుకు దాదాపు 343 మీటర్లే. చిన్నప్పుడు పొలం గట్టు మీద నుంచి పెళ్లి మేళం వినేవాణ్ని. అంత దూరానికీ డోలూ సన్నాయీ కలిసే వచ్చేవి. మీ లోకంలో డోలు ముందొచ్చేస్తుంది, పాట చెదిరిపోతుంది. తల్లి మెల్లగా 'జాగ్రత్త' అని, వెంటనే బిడ్డను పేరుపెట్టి అరిస్తే దూరాన ఉన్న బిడ్డకు పేరే ముందు వినిపిస్తుంది. ఆ సన్నివేశం తప్పకుండా రాయండి!

ఇది పూర్తిగా కల్పన కూడా కాదు. పెద్ద పేలుడులో పుట్టే షాక్‌వేవ్ (గాలిని ఒక్కసారిగా నొక్కుతూ సాగే బలమైన అల) మామూలు శబ్దాన్ని మించిన వేగంతో బయల్దేరి, బలం తగ్గేకొద్దీ నెమ్మదిస్తుంది. మీ కేక కూడా దారిలో అలాగే నెమ్మదించాలి, అది మర్చిపోకండి.