ఓల్డ్‌బాయ్ కెమెరామన్ ఆ తర్వాత ఏ సినిమాలు చేశారు?

కొరియన్ సినిమా ఓల్డ్‌బాయ్ (2003)లో కారిడార్ ఫైట్ తీసిన కెమెరామన్ గురించి అడిగారు కదా, ఆయన పేరు చంగ్ చంగ్‌హూన్. ఆ సీన్ మళ్లీ ఒకసారి చూడండి. కెమెరా పక్కనుంచి నెమ్మదిగా జరుగుతూ ఉంటుంది, ఒక్క కట్ ఉండదు. సుత్తి పట్టుకున్న హీరో రొప్పుతాడు, పడతాడు, మళ్లీ లేస్తాడు. మూడు రోజులు, 17 టేకులు పట్టింది. కట్ లేదు కాబట్టే ఆ అలసట మన ఒంటికీ తెలుస్తుంది.

ఓల్డ్‌బాయ్ దర్శకుడు పార్క్ చాన్‌వుక్‌తోనే థర్స్ట్, స్టోకర్, ది హ్యాండ్‌మెయిడెన్ (2016) కూడా చేశారు. నన్నడిగితే హ్యాండ్‌మెయిడెనే చంగ్ పనితనానికి పరాకాష్ఠ. తర్వాత హాలీవుడ్‌లో ఇట్ (2017), లాస్ట్ నైట్ ఇన్ సోహో, వోంకా (2023) సినిమాలకు కెమెరా పట్టారు.