రిలే రూములో అడుగుపెట్టబోయే మా అమ్మాయికి

చిరంజీవి సుధకు పెదనాన్న ఆశీస్సులు.

సిగ్నలింగ్ విభాగంలో జూనియర్ ఇంజనీరుగా ఎంపికయ్యావనీ, శిక్షణకు సికింద్రాబాదులోని రైల్వే సిగ్నల్ శిక్షణ సంస్థ ఇరిసెట్‌కు వెళ్తున్నావనీ మీ నాన్న ఫోనులో చెప్పినప్పుడు నాకు ఎంత గర్వం కలిగిందో అంత గుబులూ కలిగింది. మన ఇంట్లో నా తరువాత ఆ పని చేయబోయేది నువ్వే కనుక ఈ ఉత్తరం రాయకుండా ఉండలేకపోయాను.

లైను మీద నడిచేటప్పుడు ఇయర్‌ఫోన్లు పెట్టుకోవద్దు, నారింజ జాకెట్టు లేకుండా దిగవద్దు. ఇవి అక్కడివాళ్లే నేర్పుతారు. నేను చెప్పదలచుకున్నది ఒక్క వైరు గురించి.

1988లో లండన్‌లోని క్లాఫమ్ జంక్షన్ దగ్గర సిగ్నళ్ల వైరింగు మారుస్తున్నారు. నవంబరు 27, ఆదివారం నాడు ఒక టెక్నీషియన్ రిలేకు, అంటే సిగ్నళ్లను నడిపే విద్యుత్ స్విచ్చుకు, కొత్త వైరు బిగించి, పాత వైరును ఆ చివర విప్పాడు గానీ దాన్ని కురచగా కత్తిరించలేదు, కొసకు కొత్త టేపు చుట్టలేదు, రెండో చివరను ఫ్యూజు దగ్గర అలాగే వదిలేశాడు. రెండు వారాల తరువాత, డిసెంబరు 11న, పక్క రిలే మీద పనిచేస్తుండగా ఆ వైరు కదిలి తన పాత టెర్మినల్‌ను తాకింది. మర్నాడు ఉదయం లైను మీద రైలు నిలిచి ఉన్నా, ఆ వైరు గుండా రాకూడని కరెంటు రావడంతో, దాని వెనుక సిగ్నలు ఎర్రబడలేదు. వెనుక వస్తున్న రైలు వచ్చి గుద్దింది, 35 మంది చనిపోయారు. ఆంథనీ హిడెన్ జరిపిన విచారణలో తేలిన సంగతి ఏమిటంటే, ఆ టెక్నీషియన్ పనిదొంగ కాడు. పదమూడు వారాల్లో ఒక్కరోజే సెలవు తీసుకున్న మనిషి. ఏళ్ల తరబడి వైర్లను అలాగే వదులుతున్నా అది తప్పని అతనికి చెప్పినవారు లేరు, పని ముగిశాక మరొకరు వచ్చి వైర్లు లెక్కపెట్టవలసి ఉండగా ఆ లెక్కా జరగలేదు. సిగ్నల్ సిబ్బంది పనిగంటలకు అక్కడ పరిమితి విధించింది ఆ తరువాతే.

మా పాత ఇన్‌స్పెక్టరుగారు పాత వైరును రెండు చివరలా తెంపించి, ఆ ముక్కలన్నీ బల్ల మీద పరిపించేవారు. ముక్కల లెక్క డ్రాయింగుతో సరిపోలితేనే, సిగ్నలును తిరిగి వాడుకకు ఇచ్చే రీకనెక్షన్ మెమో మీద సంతకం పెట్టేవారు. చాదస్తమని మేము విసుక్కునేవాళ్లం. 2023 జూన్ 2న ఒడిశాలోని బహానగా బజార్‌లో కోరమాండల్ ఎక్స్‌ప్రెస్‌కు మెయిన్ లైనులో వెళ్లమని సిగ్నలిచ్చి, రైలును పట్టా మార్చే పాయింటు మాత్రం పక్కనున్న లూప్ లైనుకు ఉండిపోయినప్పుడు, లెవెల్ క్రాసింగ్ గేటు దగ్గర సర్క్యూట్ మార్పుల్లో జరిగిన లోపాలే కారణమని రైల్వే భద్రతా కమిషనర్ నివేదికలో చదివి ఆయన్నే తలచుకున్నాను. అదే ఖరగ్‌పూర్ డివిజన్‌లో అంతకు ఏడాది ముందు తప్పుడు వైరింగు ఒకటి బయటపడిందనీ, అప్పుడే సరిదిద్దుకుని ఉంటే ఈ ప్రమాదం జరిగేది కాదనీ కూడా ఆ నివేదికలో ఉంది. దాదాపు మూడు వందల మంది పోయారమ్మా.

రైళ్లు ఢీకొనకుండా తానే బ్రేకు వేసే కవచ్ వచ్చింది కదా పెదనాన్నా అంటావేమో. లింగంపల్లి, వికారాబాద్, వాడి మార్గంలో దాన్ని పరీక్షించిన మన దక్షిణ మధ్య రైల్వే అంటే నాకూ గర్వమే. అయితే ఏ సిగ్నలు ఏ రంగులో ఉందన్నది కవచ్ కూడా, సిగ్నళ్లనూ పాయింట్లనూ ఒకదానితో ఒకటి ముడిపెట్టే ఇంటర్‌లాకింగ్ నుంచే తెలుసుకుంటుంది. రిలే రూములో అబద్ధం పుడితే కవచ్ కూడా దాన్నే నమ్ముతుంది.

నీకు చిన్నప్పటి నుంచీ తొందర ఎక్కువ. ఫెయిల్యూర్ టైము పెరిగిపోతోందని కంట్రోలు నుంచి ఫోన్ల మీద ఫోన్లు వచ్చే రాత్రి ఆ తొందర నిన్ను ఏం చేయిస్తుందోనని నా భయం. సిగ్నలును వాడుక నుంచి తప్పించే డిస్‌కనెక్షన్ మెమో మీద స్టేషన్ మాస్టరు సంతకం పెట్టేదాకా ఒక్క స్క్రూ కూడా విప్పవద్దు. ఎవరేమన్నా, నీ పనిని ఇంకొకరు పరీక్షించకుండా సిగ్నలును తిరిగి అప్పగించవద్దు. రెండు రాత్రులు వరుసగా నిద్ర లేకపోతే మూడో రాత్రి ఆ పని నీ వల్ల కాదని చెప్పెయ్యి తల్లీ. ఎవరైనా చిన్నబుచ్చితే ఆ మాట పెదనాన్నతో చెప్పుకో.

పోస్టింగు ఏ సెక్షనుకు వచ్చిందో తెలియగానే ఫోను చెయ్యి. నేను పనిచేసిన వైపే అయితే స్టేషను స్టేషనుకూ చెప్పవలసినవి ఉన్నాయి.

మీ పెదనాన్న