మామ్మ నూలులో ఉన్నది ఆస్పెరిటీ కాదు

విజయనగరం

అమ్మా,

నీ కథ, దాంతో పాటు పెట్టిన ఉత్తరం అందాయి. కథ రెండుసార్లు చదివాను, మొదటిసారి ఏకబిగిన, రెండోసారి పెన్సిలు పట్టుకుని. పొందూరులో రాట్నం ముందు కూర్చున్న మీ మామ్మ నా కళ్ల ముందు నుంచి ఇంకా కదల్లేదు. ఆవిడ కుడిచేత్తో రాట్నం తిప్పుతూ ఎడమచేతిని భుజం దాకా ఎత్తి పోగు లాగడం, ఆ పోగు వెలుతురు తగిలినప్పుడే కనబడి మళ్లీ మాయమవడం, ఇవి చూసిన కళ్లు రాసినవి. వాటి జోలికి పోవద్దు. అక్షరం మార్చకు.

ఒక్క వాక్యం దగ్గర నా పెన్సిలు ఆగిపోయింది. "మామ్మ తీసిన నూలులో ఒక ఆస్పెరిటీ ఉంది, అది ఆమె బతుకులోదే" అని రాశావు. ఎగుడుదిగుడు అనడానికి ఎవరూ వాడని ఇంగ్లీషు మాట దొరికిందనీ, అది పెడితే కథకు బరువొస్తుందనిపించిందనీ ఉత్తరంలో చెప్పావు. మాట చాలా మంచిదమ్మా. నాకూ ఇష్టమైనదే. కానీ నువ్వు కూర్చోబెట్టిన పీట దానిది కాదు.

ఎందుకు కాదో వివరంగా చెప్తాను, ఓపిగ్గా విను.

లాటిన్‌లో 'ఆస్పర్' అంటే గరుకు. చెయ్యి పెడితే గీరుకునేది. అది ఫ్రెంచి మీదుగా ఇంగ్లీషులోకి వచ్చి ఆస్పెరిటీ అయింది. చేతికి తగిలే గరుకు దగ్గర మొదలై చెవికి తగిలే గరుకు దాకా వెళ్లింది. ఇప్పుడు ఇంగ్లీషు కథల్లో ఎక్కువగా కనబడేది ఈ రెండో అర్థమే. ఎవరో ఒకరు ఏదో అడుగుతారు, ఇంకొకరు 'ఆస్పెరిటీతో' జవాబు చెబుతారు. అంటే తిట్టలేదు, అరవలేదు, మాట అంచు మాత్రం కాస్త గీరుకుంది. విసిగించడాన్ని మనం అస్తమానూ 'ఎగ్జాస్పరేట్' అంటాం చూడు, అందులో ఉన్నదీ ఈ ఆస్పరే. ఒక మనిషిని రుద్ది రుద్ది గరుకుగా చెయ్యడం.

శామ్యూల్ జాన్సన్ తన పెద్ద నిఘంటువు అచ్చయిన 1755లోనే చెస్టర్‌ఫీల్డ్ ప్రభువుకు ఒక ఉత్తరం రాశాడు. ఏళ్ల తరబడి పట్టించుకోని ప్రభువు, పుస్తకం రాబోతుందనగా దాన్ని మెచ్చుకుంటూ పత్రికలో రాశాడు. పొందని ఉపకారానికి రుణపడ్డానని ఒప్పుకోకపోవడం మరీ అంత కటువుతనం కాదనుకుంటాను అన్న అర్థం వచ్చేలా జాన్సన్ జవాబిచ్చాడు. ఆ కటువుతనానికి ఆయన వాడిన మాట ఇదే. ఒళ్లు మండిపోతున్న మనిషి, ఒక్క మాట తూలకుండా రాసిన ఉత్తరం అది. ఆస్పెరిటీ స్వభావం తెలియాలంటే అంతకంటే మంచి చోటు నాకు కనబడలేదు.

ఇప్పుడు నీ మామ్మ నూలు దగ్గరికి రా. చేత్తో తీసిన పోగు ఒకచోట సన్నంగా, ఒకచోట లావుగా ఉంటుంది. మిల్లు పోగులా ఒకే కొలతలో రాదు. అది నిజమే, పొందూరు ఖద్దరు అందమూ అదే. కానీ అది లావూసన్నాల తేడా. అందులో గీరుకునేదేముంది? ఆ పంచె చెంపకు ఆనించుకుంటే మెత్తగా ఉంటుంది. ఆస్పెరిటీ అన్నావంటే పాఠకుడి వేలికి ముల్లు తగలాలి. తగలకపోతే, నువ్వు ఆ మాట అర్థం చూశావు గానీ దాన్ని ముట్టుకోలేదని అతనికి తెలిసిపోతుంది. "పోగు లావూసన్నంగా వచ్చింది" అని మీ మామ్మే అనుంటుంది కదా? ఆ మాట ఉండగా ఇంకోటి ఎందుకు?

ఇలాంటి పొరపాటు నేనూ చేశాను. పాతికేళ్ల వయసులో ఒక పత్రికకు ఇంగ్లీషు కథ ఒకటి తెలుగు చేశాను. అందులో ఒక తల్లి ఎదిగిన కూతురికి 'ఆస్పెరిటీతో' జవాబు చెబుతుంది. నిఘంటువు తీశాను. కర్కశత్వం, కాఠిన్యం అని కనబడింది. "తల్లి కర్కశంగా అంది" అని రాసి పంపేశాను, అచ్చయింది. ఒక పాఠకురాలు కార్డు రాసింది. కథంతా కూతురి కోసం ప్రాణం పెట్టిన తల్లి ఆ ఒక్క చోట రాక్షసిలా ఎందుకు మాట్లాడింది అని అడిగింది. ఆ కార్డు పట్టుకుని నేను చాలాసేపు అలాగే కూర్చుండిపోయాను. ఆ తల్లి కర్కశంగా అనలేదు. పుల్లవిరుపుగా అంది. ఎండుపుల్ల పుటుక్కున విరిచినట్టు ఒక్క మాట అని, మళ్లీ పనిలో పడిపోయింది. పుల్లవిరుపు అన్న మాట మా ఇంట్లో రోజూ వినబడేదే. నా చెవిలో ఉన్నదాన్ని వదిలేసి పుస్తకంలో వెతుక్కున్నాను. ఒక తల్లికి అన్యాయం చేశాను అన్న బాధ నాకు ఇప్పటికీ పోలేదు.

అందుకే, ఇంగ్లీషులో ఒక మాట నచ్చితే దాని అర్థంతో పాటు అది ఎక్కడెక్కడ తిరిగిందో కూడా చూడమంటాను. ఆస్పెరిటీ తిరిగిన చోట్లు చూస్తే నీకే ముచ్చటేస్తుంది. ఎంత నున్నగా పాలిష్ పట్టిన ఇనుప పలక అయినా, బాగా పెద్దది చేసి చూస్తే కొండలూ లోయలే. రెండు పలకలు ఒకదాని మీద ఒకటి పెడితే మొత్తం ఆనుకున్నట్టే కనబడతాయి, నిజానికి ఆ కొండల కొసలు మాత్రమే తాకుతాయి. ఆ కొసలనే ఇంజినీర్లు ఆస్పెరిటీలు అంటారు. రాపిడి పుట్టేదీ, అరుగుదల మొదలయ్యేదీ అక్కడే. నూనె పొయ్యడం ఆ కొసల మధ్యకే. భూకంపాలు చదివేవాళ్లూ ఈ మాట తీసుకున్నారు. భూమి లోపల పగులుకు రెండు పక్కలా ఉన్న రాతి పలకలు కదలబోతూ ఒకచోట గట్టిగా పట్టేసుకుంటాయి. ఆ పట్టు ఆస్పెరిటీ. ఏళ్ల తరబడి ఒత్తిడి అక్కడే పోగుపడి, పట్టు వదిలిన రోజున భూమి అదురుతుంది. 2017లో ప్రపంచ వాతావరణ సంస్థ తన మేఘాల అట్లాసులో కొత్త రూపాలు చేర్చినప్పుడు, అడుగుభాగం అలలు అలలుగా రేగి ఉన్న మేఘానికి ఆస్పెరిటాస్ అని లాటిన్ పేరే పెట్టింది. కింద నుంచి చూస్తే గాలివాన నాటి భీమిలి సముద్రాన్ని తలకిందులు చేసినట్టుంటుంది.

ఇన్ని చోట్లా ఉన్నదేమిటో చూశావా? పట్టు. రాపిడి. రెండు వస్తువులు ఒకదాన్నొకటి తాకే చోటు. ఉత్త హెచ్చుతగ్గులు ఉంటే చాలదు. రోడ్డు మీద గతుకులకు ఈ మాట పనికిరాదు, మార్కుల్లో తేడాకు పనికిరాదు, ఒకరోజు బాగా ఒకరోజు అంతంతగా రాసే మనిషికీ పనికిరాదు.

మన వైపు ఈ దారి లేదా అంటే ఉంది. 'పరుషం' చూడు. సంస్కృతంలో మొదట రెల్లు కణుపులా ముడులు ముడులుగా, గరుకుగా ఉన్నదానికి ఆ మాట. తరవాత పరుషవాక్కు అయింది. చేతి నుంచి చెవికి, లాటిన్ మాట నడిచిన దారే. గ్రీకులో అచ్చుతో మొదలయ్యే మాట ముందు 'హ'లాంటి ఊపిరి పలికితే దాన్ని లాటిన్ పండితులు గరుకు ఊపిరి అన్నారు, ఇదే ఆస్పర్ తగిలించి. మన వ్యాకరణంలో క చ ట త ప పరుషాలు, గ జ డ ద బ సరళాలు. ముందు ద్రుతం, అంటే మాట చివరి నకారం, వస్తే పరుషం సరళమవుతుంది, పూచెను కలువలు కాస్తా పూచెను గలువలు అవుతుంది. బడిలో సంధి పేరు బట్టీపట్టి మార్కులు తెచ్చుకున్నాం గానీ, గరుకు మాట పక్కవాడి స్పర్శకు మెత్తబడుతోందని ఎవరూ చెప్పలేదు. చెప్పుంటే నాకు వ్యాకరణమంటే అంత భయం ఉండేది కాదు.

ఇక నాకు ప్రాణమైన మాట ఒకటి చెప్తాను. కక్కు.

మా చిన్నప్పుడు విజయనగరంలో మా వీధిలోకి తిరగళ్లకు, రోళ్లకు కక్కు కొట్టే మనిషి వచ్చేవాడు. తిరగలి అరిగి నున్నబడితే గింజ నలగదు. పెసలు పోస్తే బద్దలవకుండా జారి పక్కకొచ్చేస్తాయి. మా అమ్మ రెండు రాళ్లూ విడదీసి అరుగు మీద పెట్టేది. ఆయన గొంతుకూర్చుని, ఎడమచేత్తో చిన్న ఉలి, కుడిచేత్తో సుత్తి పట్టుకుని టకటకా కొట్టుకుంటూ పోయేవాడు. రాతిపొడి ఎగిరి కనుబొమల మీద తెల్లగా పడేది. కంట్లో పడకుండా రెప్పలు సగం మూసి కొట్టేవాడు. నడిమి నుంచి అంచు దాకా వరసగా గాట్లు. అయ్యాక అరిచేత్తో నిమిరి చూసి, ఎక్కడ నున్నగా తగిలితే అక్కడ ఇంకో రెండు దెబ్బలు వేసేవాడు. మా అమ్మ మొదటి వాయి రాతిపొడితో వస్తుందని పారబోసి, రెండో వాయి నుంచి వాడేది. ఆ గాట్ల పేరు కక్కు. వరికోతల ముందు కొడవలికి పెట్టించే పళ్లూ కక్కే. ఇనుప పలకల కొసలకు శాస్త్రం పెట్టుకున్న పేరు ఆస్పెరిటీ అయితే, మన తిరగలికి మనం పెట్టుకున్నది కక్కు. మిక్సీలొచ్చాక ఆ మనిషి రావడం మానేశాడు. మాట కూడా ఆయన వెనకే వెళ్లిపోతోంది. నీ వయసువాళ్లలో ఒకరు దాన్ని కథలో నిలబెడితే నాకు పండగ.

నువ్వు ఒకసారి శ్రీకాకుళం వెళ్లి కథానిలయంలో ఒక పూట కూర్చో. కారా మాస్టారు, అదే కథకుడు కాళీపట్నం రామారావు గారు, 1997లో తెరిచిన ఆ ఇంట్లో పాత పత్రికలు, కథల సంపుటాలు బీరువాల నిండా ఉన్నాయి. మన ఉత్తరాంధ్ర కథలు నాలుగు తీసి, ఎవరెలా మాట్లాడుతున్నారో అదొక్కటే చూడు. ఎందుకంటే నీ కథలో నన్ను ఆస్పెరిటీ కంటే ఎక్కువ బాధపెట్టింది ఇంకోటుంది. నీ ఉత్తరంలో మామ్మ మాట యథాతథంగా రాశావు, "ఏటలా సూత్తన్నావు, పనిలేదా?" అని. కథలోకి వచ్చేసరికి అదే మామ్మ "ఎందుకలా చూస్తున్నావు, పని లేదా?" అంటోంది. ఎవరికి భయపడి దిద్దావమ్మా? నువ్వు వెతుకుతున్న ఆస్పెరిటీ అంతా ఆ 'ఏటలా'లో ఉంది. దాన్ని నున్నగా చెక్కేసి, ఆ ఖాళీలో ఇంగ్లీషు మాట తెచ్చి పెట్టావు. గిడుగు రామమూర్తి గారు పుట్టిన పర్వతాలపేట మీ జిల్లాలోదే. సవర మాట నేర్చుకోవడానికి ఆయన సవరల నోటి నుంచి వింటూ ఏళ్లు గడిపి, వ్యాకరణం, నిఘంటువు తయారుచేశారు. అడవిలో మాట్లాడే మాటకు ఆయన అంత విలువ ఇచ్చారే, మన ఇంట్లో మామ్మ మాటకు మనం ఇవ్వలేమా?

సంభాషణలన్నీ వెనక్కి మార్చు. 'మామ్మ కోపంగా అంది', 'విసుగ్గా అంది' అన్నవి కొట్టెయ్. "ఏటలా సూత్తన్నావు" అన్నాక ఎలా అందో మళ్లీ చెప్పక్కర్లేదు.

ఆస్పెరిటీ మీద అంత మోజు ఉంటే, మీ ఇంట్లోనే దానికి అసలు సిసలు చోటు ఒకటుంది. నువ్వు ఒక్క వాక్యంలో దాటేశావు. ఏకులు చుట్టడానికి ముందు, గింజ చుట్టూ ఉన్న పత్తిని వాలుగ చేప దవడతో దువ్వుతారు కదా? ఆ ఎముక మీద సన్నటి పళ్లు బారులు బారులుగా ఉంటాయి. చెత్త, నలకలు వాటికి చిక్కుకుంటాయి, పీచు సాపుగా పరుచుకుంటుంది. అంత మెత్తటి గుడ్డ వెనక అంత గరుకు ఎముక ఉంది. నీ కథకు గుండెకాయ అదే అనిపిస్తోంది నాకు. ఆ చోట ఆస్పెరిటీ అన్నా నేను కాదనను, కక్కు అంటే మరీ సంతోషిస్తాను. అసలు మీ మామ్మ దాన్ని ఏమంటుందో అడుగు. దువ్వే చేతులు ఆ పళ్లకు ఏదో ఒక మాట పెట్టుకునే ఉంటాయి. ఆ మాట నాకు తెలియదు, నీకు ఇంట్లోనే దొరుకుతుంది.

ఈసారి ఇంటికి వెళ్లినప్పుడు ఆ దవడ చేతిలోకి తీసుకుని, కళ్లు మూసుకుని, వేలితో ఒకసారి ముందుకు, ఒకసారి వెనక్కి నిమిరి చూడు. ఏ వైపు జారిందో, ఏ వైపు పట్టుకుందో ఆ రోజే నాకు కార్డు ముక్క రాయి. కథ తరవాత పంపొచ్చు.

ఆశీస్సులతో,
మీ మాస్టారు