స్ట్రెచింగ్ మానకుండా చేస్తున్నా పరిగెత్తితే కాలినొప్పి ఎందుకు వస్తోంది?

పరుగుకు ముందు రోజూ పావుగంట స్ట్రెచింగ్ చేస్తున్నా, రెండు కిలోమీటర్లు దాటేసరికి మోకాలి కింద ఎముక లోపలి అంచు వెంబడి నొప్పి మొదలవుతోందన్నారు. మూడేళ్ల కిందట నాదీ ఇదే బాధ. గోడకు చేతులానించి పిక్కలు లాగడం, కాలు వెనక్కి మడిచి తొడ లాగడం ఒక్కరోజూ మానలేదు. నొప్పీ మానలేదు.

చివరికి ఫిజియో దగ్గరికి వెళ్తే ఆయన స్ట్రెచింగ్ ఊసే ఎత్తలేదు. ఒంటికాలి మీద నిలబడి, మోకాలు వంచకుండా, మడమ ఎత్తి దించమన్నారు. కుడికాలితో 22 సార్లు చేశాను. ఎడమకాలు 9 దగ్గర వణకడం మొదలుపెట్టింది, 11కి మడమ సగం కూడా లేవలేదు. నొప్పి ఉన్నదీ ఆ కాలే! 25 దాకా రావాలట.

పరుగులో ప్రతి అడుగూ ఒంటికాలి మీదే పడుతుంది, అదీ ఒంటి బరువుకు రెండు మూడు రెట్ల భారంతో. పిక్క అలిసిపోతే ఆ భారంలో ఎక్కువ పాలు ఎముక మోయాల్సి వస్తుంది. సాగదీస్తే కండరం కాస్త వదులవుతుంది కానీ బలం రాదు.

అందుకే నా మాట: ముందు పిక్కల సంగతి చూడండి. మెట్టు అంచు మీద ముందరిపాదం ఆనించి, మడమ పూర్తిగా ఎత్తి, మూడు లెక్కపెట్టేంత నెమ్మదిగా మెట్టు కంటే కిందికి దించండి. మొదట్లో రెండు కాళ్లతో, అలవాటయ్యాక ఒంటికాలితో. 12 చొప్పున మూడు సెట్లు, వారానికి మూడు రోజులు చాలు. ఇదే మోకాలు కొంచెం వంచి కూడా చేయాలి. పిక్క లోపలి పొరలో సోలియస్ అనే కండరం ఉంటుంది, పరుగులో ఎక్కువ చాకిరీ దానిదే. వంచి చేస్తేనే దానికి సరైన పని. చాలామంది వదిలేసేదీ ఇదే. తేలికైపోతే వీపు సంచీలో పుస్తకాలు వేసుకోండి.

తర్వాత తుంటి. అద్దం ముందు ఒంటికాలి మీద కొంచెం గుంజీ తీయండి. మోకాలు లోపలికి వాలిపోతుంటే పిరుదుల పక్క కండరాలు బలహీనంగా ఉండొచ్చు. పక్కకు పడుకుని పైకాలు ఎత్తడం, ఒంటికాలి బ్రిడ్జ్ (వెల్లకిలా పడుకుని, ఒక కాలు ఆనించి నడుము పైకెత్తడం) దీనికి సరిపోతాయి.

స్ట్రెచింగ్ మానేయక్కర్లేదు, పరుగయ్యాక చేసుకోండి. ముందు మాత్రం ఐదు నిమిషాలు వడిగా నడిచి, కాళ్లు ముందుకూ వెనక్కూ ఊపి, నాలుగు లంజెస్ (ఒక కాలు ముందుకు వేసి రెండు మోకాళ్లూ వంచి లేవడం) వేస్తే చాలు.

తొందరపడకండి. దమ్ము త్వరగా పెరుగుతుంది, ఎముకలూ, కండరాన్ని ఎముకకు కలిపే టెండన్లూ అంత త్వరగా గట్టిపడవు. నాలుగో వారానికి నొప్పి తగ్గిందని నేను ఏకంగా 8 కిలోమీటర్లు పరిగెత్తి, రెండు వారాలు మూలన కూర్చున్నాను. మర్నాడు పొద్దున లేచేసరికి నొప్పి ముందురోజు కంటే ఎక్కువుంటే దూరం తగ్గించాల్సిందే. ఒక్కచోట వేలితో నొక్కితే ప్రాణం పోయినంత నొప్పి వచ్చినా, నడిచినా రాత్రిపూట పడుకున్నా సలుపుతున్నా ఈ వ్యాయామాలేవీ చేయకుండా డాక్టరుకు చూపించండి. ఎముకలో సన్నటి పగులు ఉండొచ్చు.

నేనైతే ఇప్పటికీ పళ్లు తోముకుంటూ మడమలెత్తుతుంటాను. ఎడమకాలు 23 దగ్గరే మొరాయిస్తోంది.