అమెరికాలో తెల్లవాళ్ల చర్చి, నల్లవాళ్ల చర్చి వేరువేరుగా ఎందుకున్నాయి? బైబిల్లో అలా ఉందా?

మీరు రెండు ప్రశ్నలు కలిపి అడిగారు. క్రీస్తులో అందరూ ఒక్కటే అనే మతంలో రంగును బట్టి చర్చిలు ఎందుకు చీలాయని ఒకటి, దానికి వాక్యాధారం ఉందా అని రెండోది. ఆధారం చూపించినవాళ్లకు కొదవలేదు. కానీ జార్జియాలో ఇన్నేళ్లుగా ఉంటూ, రెండు రకాల చర్చిల్లోనూ కూర్చుని, పెద్దవాళ్లు చెప్పింది విని నాకు అర్థమైంది వేరు. చర్చి తలుపు మూసింది చాలాచోట్ల సంఘం మీటింగులో లేచిన చేతులే. వచనం ఆ తర్వాత వెతుక్కున్నారు.

నా సంగతి కొంచెం చెప్పాలి. మాది ఒంగోలు దగ్గర పల్లె. ముత్తాతల నాటి నుంచి బాప్టిస్టులం, అమెరికా నుంచి వచ్చిన మిషనరీ క్లౌ దొర మిషను మనుషులం. 1878 జులై 3న గుండ్లకమ్మ ఒడ్డున ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం తీసుకున్న కథ సండే స్కూల్లో విని విని కంఠతా వచ్చేసింది. ఆ దొరల దేశం అసలు ఎలా ఉండేదో మాకెవరూ చెప్పలేదు. దానికి ఏడాది ముందే, 1877లో, దక్షిణాది రాష్ట్రాల్లో నల్లవాళ్లకు కాపలాగా ఉన్న కేంద్ర సైన్యం పక్కకు తప్పుకుంది. బానిసత్వం నుంచి బయటపడి పుష్కరం గడిచిందో లేదో, వాళ్లకు దక్కిన ఓటు హక్కు లాగేసుకోవడానికి దారి తెరుచుకుంది.

మన మిషను ఉత్తరాది బాప్టిస్టులది. దక్షిణాదివాళ్లు 1845లోనే విడిపోయి, ఇదే జార్జియాలోని అగస్టాలో సదరన్ బాప్టిస్ట్ కన్వెన్షన్ పెట్టుకున్నారు. తగాదా దేని మీదో తెలుసా? బానిసలున్న యజమానిని మిషనరీగా పంపొచ్చా, కూడదా అని. మెథడిస్టులు అనే ఇంకో ప్రొటెస్టెంట్ శాఖవాళ్లు అంతకు ఏడాది ముందే ఇలాంటి గొడవతో చీలారు. వాళ్లలో ఒక బిషప్పుకే బానిసలుండేవారు.

అయితే నల్లవాళ్లు విడిగా వెళ్లడం అంతకంటే పాతది. 18వ శతాబ్దం చివర్లో ఫిలడెల్ఫియాలోని సెయింట్ జార్జ్ మెథడిస్ట్ చర్చిలో రిచర్డ్ అలెన్, అబ్సలోం జోన్స్, ఇంకొందరు మోకాళ్ల మీద ప్రార్థనలో ఉండగా, మీ చోటు ఇది కాదంటూ జోన్స్‌ని లేపేయబోయారు. ప్రార్థన ముగిసేదాకా ఆగమని ఆయన అడిగితే ఆగలేదు. అలెన్ సామాన్యుడు కాదు, డబ్బు కూడబెట్టి తన స్వేచ్ఛను తానే కొనుక్కున్నవాడు. అందరూ కలిసి బయటికి నడిచారు. అలెన్ 1794లో బెతెల్ చర్చి కట్టాడు. 1816లో అదే ఆఫ్రికన్ మెథడిస్ట్ ఎపిస్కోపల్ అనే స్వతంత్ర శాఖ అయింది. నల్లవాళ్లు తమంతట తామే వేరు కుంపటి పెట్టుకున్నారని ఇక్కడ మన తెలుగువాళ్లే తేలిగ్గా అనేయడం విన్నాను. వాళ్లకు ముందు ఈ కథ చెప్పాలి.

దక్షిణాదిలో బానిసలు యజమానుల చర్చిలోనే కూర్చునేవారు, పైనున్న మచ్చు లాంటి బాల్కనీలో. 1831లో బానిస, బోధకుడు అయిన నాట్ టర్నర్ వర్జీనియాలో తిరుగుబాటు చేశాక, తెల్లవాడు దగ్గర లేకుండా నల్లవాళ్లు ఆరాధన కూడా జరుపుకోకూడదని అక్కడ చట్టం వచ్చింది. వాళ్లు రాత్రిపూట అడవుల్లో, గుబుర్ల చాటున రహస్యంగా కూడుకునేవారు. యజమాని పిలిపించిన బోధకుడు "దాసులారా, యజమానులకు లోబడుడి" అన్న పౌలు మాట చెప్పేవాడు. అడవిలో బానిసలను విడిపించిన మోషే కథ నడిచేది. అంతర్యుద్ధం అయిపోయి స్వేచ్ఛ రాగానే లక్షలమంది ఆ బాల్కనీలు దిగి వెళ్లిపోయారు. సొంత పాస్టరు, సొంత కమిటీ, సొంత బడి. వాళ్లు ఓటేసి నాయకుణ్ణి ఎన్నుకోగలిగిన చోటు చాలాకాలం చర్చి ఒక్కటే. పౌరహక్కుల ఉద్యమానికి అంతమంది పాస్టర్లు ఎక్కడి నుంచి వచ్చారంటే, అక్కడి నుంచే.

ఇక వాక్యం సంగతి. ఆదికాండం 9లో నోవహు శాపాన్ని పట్టుకుని, నల్లవాళ్లు హాము సంతానమనీ, సేవ చేయడం వాళ్ల తలరాతనీ వాదించారు. ఆ అధ్యాయం తీసి చూడండి. శాపం తగిలింది హాముకు కాదు, అతని కొడుకు కనానుకు. రంగు మాటే అందులో లేదు. నల్లవాళ్లనూ తెల్లవాళ్లనూ చట్టమే విడదీసిన వేర్పాటు కాలానికి వచ్చేసరికి అపొస్తలుల కార్యములు 17:26 ముందుకొచ్చింది. దేవుడు ఒకని నుండే అన్ని జాతులనూ చేశాడని ఆ వచనం మొదటి సగం. వారి నివాసాలకు పొలిమేరలు ఏర్పరిచాడని రెండో సగం. బానిసత్వాన్ని వ్యతిరేకించినవాళ్లు మొదటి సగం చదివారు. బాబ్ జోన్స్ సీనియర్ అనే సువార్తికుడు 1960లో ఈస్టర్ నాడు, ఏసు లేచిన రోజున, రేడియోలో ప్రసంగం చేస్తూ రెండో సగం పట్టుకుని వేర్పాటు దేవుని ఏర్పాటే అన్నాడు. ఆయన పేరుతో ఉన్న యూనివర్సిటీలో నల్లవాళ్లు, తెల్లవాళ్లు జంటగా తిరగకూడదన్న నియమం 2000 దాకా ఉంది. ఆ విధానం వల్లే దాని పన్ను మినహాయింపు పోతే, 1983లో సుప్రీంకోర్టు కూడా ఆ రద్దునే సమర్థించింది. నల్లావిడ, తెల్లాయన పెళ్లి చేసుకున్నందుకు నడిచిన లవింగ్ దంపతుల కేసులో వర్జీనియా జడ్జి కూడా దేవుడు జాతులను వేరువేరు ఖండాల్లో పెట్టాడు కాబట్టి కలవడం ఆయన ఉద్దేశం కాదని తీర్పులో రాశాడు. 1967లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది.

ఇదంతా చదివితే వేదాంతమే కారణం అనిపిస్తుంది. నేను ఒప్పుకోను. 1954 మేలో బడుల్లో వేర్పాటు చెల్లదని సుప్రీంకోర్టు చెప్పిన కొన్ని వారాలకే సదరన్ బాప్టిస్ట్ కన్వెన్షన్ ఆ తీర్పు క్రైస్తవ సూత్రాలకు తగినదేనని తీర్మానం చేసింది. అవును, ఆ కన్వెన్షనే. పైన తీర్మానం, కింద తాళం. బాప్టిస్టుల్లో ఏ సంఘానికి ఆ సంఘమే సర్వాధికారి, పాస్టరు జీతం కూడా సభ్యుల చేతిలోనే. మన ప్రకాశం, నెల్లూరు సంఘాల్లో కమిటీ రాజకీయం చూసినవాళ్లకు ఇది వేరే చెప్పక్కర్లేదు.

ఇక్కడ మనకు నేరుగా తగిలే కథ ఒకటుంది. జార్జియాలోనే అమెరికస్ దగ్గర క్లారెన్స్ జోర్డన్ అనే బాప్టిస్టు 1942లో కొయినోనియా అనే పొలం పెట్టాడు. నల్లవాళ్లు, తెల్లవాళ్లు ఒకే బల్ల మీద తినేవారు. ఆయన గ్రీకు కొత్త నిబంధనలో డాక్టరేట్ చేసిన మనిషి. 1950లో ఫ్లోరిడాలో చదువుకుంటున్న ఒక భారతీయ విద్యార్థి, హిందువు, క్రైస్తవుల ఆరాధన ఎలా ఉంటుందో చూస్తానంటే, వీళ్లు తమ రెహోబోత్ బాప్టిస్ట్ చర్చికి తీసుకెళ్లారు. కుర్రాడి ఒంటిరంగు చూసి సంఘం భగ్గుమంది. కొయినోనియా వాళ్లందరినీ సభ్యత్వం నుంచి తీసేశారు. ఆ గొడవలో మాట్లాడటానికొచ్చిన డీకన్ల (సంఘ పెద్దల) చేతికి జోర్డన్ బైబిల్ ఇచ్చి, నా తప్పేమిటో ఇందులో చూపించండి అంటే, ఒకాయన దాన్ని పక్కన పడేసి ఈ బైబిల్ గోల మాకొద్దు అన్నాడని చెబుతారు. మీ రెండో ప్రశ్నకు ఇంతకంటే సూటి జవాబు నాకు దొరకలేదు.

ఇంకోటి, 1966లో జార్జియాలోనే మేకన్ పట్టణంలో జరిగింది. ఘనాలో సదరన్ బాప్టిస్ట్ మిషనరీల బోధ విని క్రైస్తవుడైన శామ్ ఓని, వాళ్ల మెర్సర్ యూనివర్సిటీకి చదువుకోడానికి వచ్చాడు. క్యాంపస్‌లోనే ఉన్న టాట్నాల్ స్క్వేర్ బాప్టిస్ట్ చర్చిలోకి ఒక ఆదివారం వెళ్లబోతే, గుమ్మం దగ్గరే పట్టుకుని ఆపేశారు. అతన్ని రానివ్వాలన్న పాస్టరు థామస్ హోమ్స్‌ని సంఘం ఓటేసి పంపేసింది. ఆఫ్రికాకు సువార్త పంపడానికి కానుకలేసిన చేతులే ఆ సువార్త విన్నవాణ్ణి ఆపాయి. ఈ కథ చదివినప్పుడు మా ఊరి గుడి గోడ మీదున్న దొరల ఫొటోలు గుర్తొచ్చి కాసేపు పుస్తకం మూసేశాను.

మెథడిస్టులకు పైనుంచి బిషప్పులున్నారు కదా, వాళ్లన్నా మేలా అంటే, అదీ లేదు. 1939లో విడిపోయిన శాఖలు కలిసినప్పుడు, మిగతా అందరికీ ప్రాంతాల వారీగా విభాగాలు పెట్టి, నల్లవాళ్లందరినీ దేశం మొత్తం మీద ఒక విడి విభాగంలో వేశారు. అది 1968 దాకా నడిచింది. 1964 ఈస్టర్ నాడు మిసిసిపీ రాజధాని జాక్సన్‌లో గాలోవే మెథడిస్ట్ చర్చికి ఇద్దరు బిషప్పులు, చార్లెస్ గోల్డెన్ అనే నల్లాయన, జేమ్స్ మాథ్యూస్ అనే తెల్లాయన, కలిసి వెళితే గుమ్మం నుంచే పంపేశారు. మాథ్యూస్ మన దేశంలో మిషనరీగా పనిచేసినవాడు.

నాతో పనిచేసే ఒక నల్లజాతి ఆమె తమ సంఘానికి పిలిస్తే తరచూ వెళుతుంటాను. తెల్ల చేతి తొడుగులు వేసుకుని వచ్చినవాళ్లను కూర్చోబెట్టే అషర్లు, అంత్యక్రియల సంస్థ పేరు అచ్చేసిన అట్ట విసనకర్రలు, పాస్టరు మాట పూర్తికాకముందే వెనక బెంచీల నుంచి "ఆమెన్". రెండున్నర గంటలైనా ఎవరూ వాచీ చూడరు. నిజం చెప్పాలంటే తెల్లవాళ్ల చర్చిలో కంటే అక్కడే నాకు ఒంగోలులో కూర్చున్నట్టు ఉంటుంది. అక్కడొక పెద్దాయన ఉన్నారు, ఎనభై దాటాయి. 1960లో అట్లాంటాలో విద్యార్థులు తెల్లవాళ్ల చర్చిలకు వెళ్లి, రానివ్వకపోతే మెట్ల మీదే మోకాళ్లేసేవారు. అందులో ఆయనా ఉన్నారు. తిట్టినవాళ్లెవరూ గుర్తులేరట. కోటుకు పువ్వు పెట్టుకున్న ఒకాయన ఎంతో మర్యాదగా "మీకూ మంచి చర్చిలున్నాయి కదా, బాబూ" అన్నది మాత్రం మరిచిపోలేదు.

ఆ మర్యాద మీదే మార్టిన్ లూథర్ కింగ్‌కూ కోపం. 1963 ఏప్రిల్‌లో బర్మింగ్‌హామ్ జైలు నుంచి ఆయన ఉత్తరం రాసింది, ఇది సమయం కాదు, ఆగండి అని చెప్పిన ఎనిమిదిమంది తెల్ల మతపెద్దలకు. అదే ఊళ్లో ఆ సెప్టెంబరు 15న, ఆదివారం ఉదయం, 16వ వీధి బాప్టిస్ట్ చర్చిలో బాంబు పేలి నలుగురు ఆడపిల్లలు చనిపోయారు. ముగ్గురికి పద్నాలుగేళ్లు, ఒకమ్మాయికి పదకొండు.

ఇది మన కులం లాంటిదేనా అని కింద ఎవరో ఒకరు అడుగుతారు కాబట్టి ముందే చెబుతున్నా. మా వైపు ఒకే మిషను తాలూకు రెండు గుళ్లు, మాలపల్లెలో ఒకటి, మాదిగపల్లెలో ఒకటి ఉండటం చూసి పెరిగాను. శ్మశానాలూ వేరే. పోలిక ఉంది. కానీ ఇక్కడ బడి, బస్సు, పెళ్లి అన్నింటినీ చట్టమే విడదీసింది, చర్చిని మాత్రం ఏ చట్టమూ అడగకుండానే సభ్యులు తామే విడదీసుకున్నారు. కాబట్టి 1964లో పౌరహక్కుల చట్టం వచ్చి హోటళ్ల తలుపులు తీయించినా, చర్చి తలుపు దాని పరిధిలోకి రాలేదు.

సదరన్ బాప్టిస్టులు 1995లో, నూటయాభై ఏళ్లు నిండిన సందర్భంలో, బానిసత్వం విషయంలో క్షమాపణ కోరారు. 2012లో ఫ్రెడ్ లూటర్ అనే నల్లజాతి పాస్టరు వాళ్ల అధ్యక్షుడయ్యాడు. ఇప్పుడు ఎవరినీ ఎవరూ గుమ్మంలో ఆపరు. మా తెలుగు సహవాసం కూడా ఒక తెల్లవాళ్ల చర్చి హాలు అద్దెకు తీసుకుని మధ్యాహ్నం ఆరాధన చేసుకుంటుంది, వాళ్లు ఎంతో బాగా చూస్తారు. అయినా పక్కపక్కనే వేరువేరు చర్చిలు ఎందుకున్నాయంటే, దానికి మేకన్‌లోనే జవాబుంది. అక్కడ ఫస్ట్ బాప్టిస్ట్ అనే పేరుతోనే రెండు చర్చిలు, ఒక మూల మలుపు దూరంలో. ఒకప్పుడు ఒకటే సంఘం, యజమానులూ బానిసలూ. ఇప్పుడు ఒకటి తెల్లవాళ్లది, ఒకటి నల్లవాళ్లది. ఈమధ్య కలిసి భోజనాలు పెట్టుకుంటున్నారు, పిల్లలకు ఈస్టర్ ఆటలు ఆడిస్తున్నారు, పాత చరిత్ర కూర్చుని మాట్లాడుకుంటున్నారు. మరి రెండూ కలిపేయొచ్చు కదా అని మా సహోద్యోగిని అడిగాను. కలిపితే ఎవరి పాస్టరు ఉంటారు, ఎవరి డీకన్లు దిగిపోతారు అని ఆమె ఎదురు ప్రశ్న వేసింది. దక్షిణాదిలో బడులు కలిపినప్పుడు ఉద్యోగాలు పోయింది నల్ల టీచర్లకే. ఆమె పెద్దమ్మ ఆ టీచర్లలో ఒకరట.