నల్లకొండల నష్టపరిహారాన్ని లకోటాలు ఎందుకు ముట్టుకోవడం లేదు?

ప్రశ్న: నేను అమెరికాలో ఉద్యోగం చేస్తున్నాను. ఇటీవల కుటుంబంతో సౌత్ డకోటాలోని మౌంట్ రష్‌మోర్ చూసి వచ్చాను. అది ఉన్న నల్లకొండలు (బ్లాక్ హిల్స్) అక్కడి మూలవాసులైన సూ జాతి వారివనీ, ప్రభుత్వం వాటిని అన్యాయంగా తీసుకుందని 1980లో సుప్రీంకోర్టే చెప్పిందనీ, అయినా వారు పరిహారం తీసుకోలేదనీ అక్కడ విన్నాను. తీర్పు అనుకూలంగా వచ్చాక భూమి ఎందుకు తిరిగి రాలేదు? వచ్చిన డబ్బును వద్దనడం చట్టరీత్యా సరైన పనేనా? వారిని ‘నేషన్’ అంటున్నారు కదా, వారికి సార్వభౌమాధికారం ఉన్నట్టా, లేనట్టా?

జవాబు: మీరు విన్నది నిజమే. అయితే 1980 నాటి తీర్పు భూమిని తిరిగి ఇప్పించే తీర్పు కాదు. ఆ భూమి 1877లోనే ప్రభుత్వపరం అయిందని, దానికి న్యాయమైన ధర మాత్రం చెల్లించలేదని ఆ తీర్పు తేల్చింది. మీ మూడు సందేహాలకూ మూలం ఇక్కడే ఉంది కనుక కాస్త వెనక్కి వెళ్లి చెబుతాను.

సూ అనేది బయటివారు పెట్టిన పేరు. వారు తమను లకోటా, డకోటా, నకోటా అని, అందరినీ కలిపి ‘ఓచేతి షకోవిన్’, అంటే ఏడు మండళ్ల నిప్పులు, అని చెప్పుకుంటారు. 1868 ఏప్రిల్ 29న ఫోర్ట్ లారమీలో అమెరికా ప్రభుత్వం వారితో ఒక సంధి కుదుర్చుకుంది. దాని రెండో అధికరణం ప్రకారం, నల్లకొండలతో సహా, నేటి సౌత్ డకోటాలో మిస్సోరీ నదికి పడమటి భాగమంతా ఎవరి జోక్యమూ లేకుండా పూర్తిగా వారి అనుభవంలోనే ఉండాలి. (అక్కడ రిజర్వేషన్ అంటే ఇలా ఒక జాతికి ప్రత్యేకించిన భూభాగం, మనకు తెలిసిన కోటా కాదు.) న్యాయవాదిగా నాకు అంతకంటే ముఖ్యమనిపించేది పన్నెండో అధికరణం. ఆ భూమిలో ఏ భాగాన్ని వదులుకోవాలన్నా, వయోజనులైన పురుషుల్లో కనీసం నాలుగింట మూడు వంతుల మంది సంతకం చేయాలని, లేకపోతే ఆ అప్పగింత చెల్లదని అందులో స్పష్టంగా రాసి ఉంది.

1874లో కస్టర్ అనే సైనికాధికారి నాయకత్వంలో వెళ్లిన సైనిక దళం కొండల్లో బంగారం ఉందని చాటింది. మరుసటి ఏడాది ప్రభుత్వం 60 లక్షల డాలర్లకు కొంటామంటే లకోటాలు ఒప్పుకోలేదు. 1876 జూన్‌లో లిటిల్ బిగ్‌హార్న్ వద్ద కస్టర్ దళం ఓడిపోయిన తర్వాత, ఆగస్టులో కాంగ్రెస్ (అమెరికా పార్లమెంటు) ఒక షరతు పెట్టింది: కొండలను వదులుకుంటే తప్ప ఇక మీదట రేషన్‌కు నిధులు ఉండవు. వేటకు దారి లేక, తుపాకులూ గుర్రాలూ లాక్కోబడి, ప్రభుత్వం ఇచ్చే తిండి మీదే బతుకుతున్న ప్రజల ముందు కమిషనర్లు కాగితం పెట్టారు. మనిషికి రోజుకు పౌనున్నర గొడ్డు మాంసం, అర పౌను పిండి, అర పౌను మొక్కజొన్న, నూరు రేషన్లకు కలిపి నాలుగు పౌన్ల కాఫీ, ఎనిమిది పౌన్ల పంచదార, మూడు పౌన్ల చిక్కుళ్లు ఇస్తామని అందులో కొలతలతో సహా రాశారు. ఇంత చేసినా సంతకాలు పెట్టింది వయోజన పురుషుల్లో పది శాతం మందే. సంధి అడిగింది డెబ్బై ఐదు శాతం. అయినా 1877 ఫిబ్రవరి 28న కాంగ్రెస్ ఆ కాగితాన్నే చట్టం చేసి కొండలను తీసేసుకుంది.

సంధిని ఇలా ఏకపక్షంగా తోసేయవచ్చా అని మీరు అడగవచ్చు. కాంగ్రెస్ అలా చేయగలదని, ఆ అధికారాన్ని కోర్టులు ప్రశ్నించవని 1903లో లోన్ వుల్ఫ్ కేసులో అక్కడి సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తీర్పు తప్పని నా అభిప్రాయం, కానీ తర్వాతి వ్యాజ్యమంతా దాని నీడలోనే సాగింది. ప్రభుత్వంపై దావా వేయడానికే 1920లో ప్రత్యేక చట్టం కావలసి వచ్చింది. 1923లో వేసిన దావాను 1942లో కొట్టేశారు. 1946లో మూలవాసుల దావాలను విచారించే ఇండియన్ క్లెయిమ్స్ కమిషన్ ఏర్పడ్డాక మళ్లీ మొదలుపెట్టారు. 1975లో కోర్ట్ ఆఫ్ క్లెయిమ్స్ (ప్రభుత్వంపై వేసే దావాలను విచారించే కోర్టు), ఇంతకంటే నీతిమాలిన వ్యవహారం తమ దేశ చరిత్రలో బహుశా మరొకటి కనబడదని రాస్తూనే, విషయం 1942లోనే తేలిపోయిందంటూ రెస్ జ్యుడికేటా (ఒకసారి తేలిన విషయాన్ని మళ్లీ విచారించరాదనే సూత్రం) కింద ప్రధాన వాదాన్ని తోసిపుచ్చింది. 1978లో కాంగ్రెస్ ఆ అడ్డంకిని తొలగించింది. చివరకు 1980 జూన్ 30న సుప్రీంకోర్టు ఎనిమిది మంది న్యాయమూర్తుల మెజారిటీతో, ఒకరి భిన్నాభిప్రాయంతో, తీర్పు వెలువరించింది. భూమికి బదులుగా రేషన్ ఇచ్చామన్న ప్రభుత్వ వాదన నిలబడలేదు. జరిగింది, న్యాయమైన పరిహారం ఇవ్వకుండా ఆస్తి తీసుకోరాదనే రాజ్యాంగం ఐదో సవరణ కిందికి వచ్చే భూసేకరణే కనుక, 1877 నాటి విలువ 1.71 కోట్ల డాలర్లతో పాటు ఏడాదికి ఐదు శాతం వడ్డీ కూడా చెల్లించాలంది. మొత్తం సుమారు 10.5 కోట్ల డాలర్లు అయింది.

ఇప్పుడు మీ మొదటి సందేహం. ‘సేకరణ’ అని కోర్టు పేరు పెట్టిన క్షణంలోనే భూమిపై హక్కు చట్టం దృష్టిలో ప్రభుత్వానికి వెళ్లిపోయినట్టే, మిగిలింది ధర ఒక్కటే. క్లెయిమ్స్ కమిషన్ చట్టం కూడా డబ్బు ఇప్పించగలదే గానీ భూమి ఇప్పించలేదు. ఓగ్లాలా సూ తెగ వారు భూమి కోసమే విడిగా దావా వేస్తే, ఆ కమిషన్ మార్గం తప్ప వేరే మార్గం లేదని 1981లో ఎనిమిదో సర్క్యూట్ అప్పీలు కోర్టు కొట్టేసింది.

రెండో సందేహానికి జవాబు కూడా అదే చట్టంలో ఉంది. పరిహారం చెల్లింపు జరిగితే ఆ వివాదానికి సంబంధించిన అన్ని క్లెయిములూ తీరిపోయినట్టేనని అందులో రాశారు. మన భూసేకరణలో రైతు ‘అభ్యంతరంతో తీసుకుంటున్నాను’ అని రాసి చెక్కు తీసుకుని, హెచ్చింపు కోసం కోర్టుకు వెళ్లవచ్చు. కానీ మన దగ్గర కూడా ఆ తగాదా సొమ్ము ఎంత అన్నదాని గురించే, భూమి గురించి కాదు. లకోటాలు అడుగుతున్నది భూమిని, కాబట్టి డబ్బు ముడితే తాము అమ్మినట్టు తామే సంతకం చేసినట్టవుతుంది. పదో వంతు మంది సంతకాలతో జరిగిన దానిని నూరేళ్ల తర్వాత అందరి చేతా ఆమోదింపజేసినట్టు అవుతుంది. పేదరికం తీవ్రంగా ఉన్న పైన్ రిడ్జ్ వంటి రిజర్వేషన్లలో బతుకుతూ కూడా వారు నిలబడిన ఈ నిరాకరణను తెలివితక్కువతనం అని నేను అనలేను. చట్టం తమకు మిగిల్చిన ఒకే ఒక్క ఆధారాన్ని వారు కాపాడుకుంటున్నారు. ట్రెజరీలో (అమెరికా ప్రభుత్వ ఖజానాలో) ఉండిపోయిన ఆ సొమ్ము ఇప్పుడు వంద కోట్ల డాలర్లు దాటింది.

మూడో సందేహానికి ఒక్క మాటలో జవాబు లేదు. 1881లో రోజ్‌బడ్ అనే లకోటా రిజర్వేషన్‌లో క్రో డాగ్ అనే వ్యక్తి స్పాటెడ్ టెయిల్ అనే నాయకుణ్ని కాల్చి చంపాడు. లకోటా ఆచారం ప్రకారం రెండు కుటుంబాలూ 600 డాలర్లు, ఎనిమిది గుర్రాలు, ఒక దుప్పటితో రాజీ పడ్డాయి. డెడ్‌వుడ్‌ పట్టణంలోని అమెరికా ప్రభుత్వ కోర్టు మాత్రం క్రో డాగ్‌కు ఉరిశిక్ష వేసింది. తమలో తాము పరిష్కరించుకునే అధికారం ఆ జాతిదేనని 1883లో సుప్రీంకోర్టు అతణ్ని విడిపించింది. రెండేళ్లు తిరగకుండానే, 1885లో, హత్య వంటి ఏడు నేరాలను కాంగ్రెస్ ఫెడరల్ కోర్టులకు మార్చేసింది. అంటే సార్వభౌమాధికారం ఉంది, కానీ కాంగ్రెస్ ఎప్పుడు కత్తిరిస్తే అప్పుడు తగ్గేలా ఉంది. నేటికీ రిజర్వేషన్లలో వారి ప్రభుత్వం, వారి కోర్టులు, వారి పోలీసులు ఉన్నారు. మీరు అక్కడ నేరం చేశారనుకుంటే వారి పోలీసులు మిమ్మల్ని ఆపి ఇతర అధికారులకు అప్పగించగలరు, కానీ 1978 నాటి ఒలిఫంట్ తీర్పు వల్ల, ఆ జాతివారు కాని మిమ్మల్ని విచారించి శిక్షించే అధికారం వారి కోర్టుకు సాధారణంగా లేదు. గృహహింస వంటి కొన్నింటికి 2013 నుంచి మినహాయింపు ఉంది.

భూమి విషయంలో ఇక తెరిచి ఉన్న తలుపు కాంగ్రెస్ ఒక్కటే. కొండల్లోని ఫెడరల్ భూమిని తిరిగి ఇవ్వాలని సెనేటర్ బిల్ బ్రాడ్లీ 1985లో బిల్లు పెట్టారు, అది నెగ్గలేదు. 2012లో నల్లకొండల్లోని పె స్లా అనే పవిత్ర మైదానం అమ్మకానికి వచ్చినప్పుడు, రోజ్‌బడ్ వంటి తెగలు ట్రెజరీ సొమ్మును ముట్టకుండా తాము విడిగా కూడబెట్టిన డబ్బుతో సుమారు 1,900 ఎకరాలు కొనుక్కున్నాయి.